ఎండుటాకు గొల్లభామల లెక్క

బాపట్ల,
2-8-1998.

అత్తా,

నీ మోకాళ్లు ఎలా ఉన్నాయి, గేదె ఈనిందా అని ముందు అడగాలని ఉంది. కానీ అవి అడిగి ఆ తర్వాత అసలు సంగతి రాస్తే, అవసరం ఉంది కాబట్టే కుశలం అడిగిందంటావు. అందుకని అసలు సంగతే మొదట రాస్తున్నాను.

నాకు నీ పత్తి చేను కావాలి. డొంక పక్కన ఉన్న ఆ రెండెకరాలు. రాసివ్వక్కర్లేదు. ఈ పంటకాలం మొత్తం దానికి మందు కొట్టకుండా ఉంటే చాలు.

నేను చదువుతున్న పురుగు గురించి కిందటిసారి వచ్చినప్పుడు చెప్పాను కదా. గొల్లభామల్లో ఒక రకం. ఇళ్లలో దీపం దగ్గరికి వచ్చే పచ్చది కాదు. ఒళ్లంతా ఎండుటాకు రంగు. దారంలాంటి పొడుగాటి మెడ. కాళ్లకి ఎండిన ఆకు ముక్కలు అతికించినట్టు ఉంటుంది. కిందటేడు వీటిని వలపెట్టెల్లో పెంచాను. ఒకదాన్నొకటి తినేశాయి, ఏడాది పని పోయింది. మా గైడు రామకాంత్ గారు మంచివారు కాబట్టి కేకలేయలేదు. "ఈ ఒక్క సీజను చూద్దామమ్మా. చేలోంచి సరైన లెక్క తేలేకపోతే ఇది మానేసి ఉద్యోగం చూసుకో," అన్నారు. అది కేకలకన్నా ఎక్కువైంది నాకు.

చిన్నప్పుడు మీ డొంక కంపల మీద వీటిని చూసిన గుర్తు. నువ్వు చెయ్యాల్సింది ఇంతే. సోమవారం, శుక్రవారం పొద్దున్నే పది సాళ్లు నడిచి, గొల్లభామలు ఎన్ని ఉన్నాయో, ఇరవై మొక్కల మీద పురుగులు ఎన్ని ఉన్నాయో రాసి నాకు పంపాలి. చేనుకేం కాదు. ఇవి పురుగుల్ని తినేవే కదా.

నీ జ్యోతి.


నాగులపాలెం,
13-8-98.

చిరంజీవి జ్యోతికి,

అడగలేదు కాబట్టి నేనే చెబుతున్నాను. మోకాళ్లు నొప్పిగానే ఉన్నాయి. గేదె ఈనింది, పెయ్యదూడ.

కిందటేడు ఈ ఊళ్లో పదిహేను సార్లు మందు కొట్టాం. పురుగు ఆ మందు తాగి బలిసింది గానీ చావలేదు. కాయ విప్పితే లోపల పింజ లేదు, పురుగే ఉంది. అలాంటిది ఈ ఏడు అసలు కొట్టకుండా ఉండమంటున్నావు. నీకు పిచ్చా, వింటున్న నాకు పిచ్చా అని రెండు రోజులు ఆలోచించాను. కొట్టి పోగొట్టుకున్నదాన్ని, కొట్టకుండా పోగొట్టుకుంటే కనీసం ఆ కంపు పీల్చే బాధైనా ఉండదు కదా అనిపించింది. సరే, తీసుకో. కానీ మీ మామయ్య పోయాక నాకు తిండి పెడుతున్నది ఆ రెండెకరాలే. అది మాత్రం గుర్తు పెట్టుకో.

నీ పురుగు కోసం మూడు రోజులు కంపలన్నీ వెతికాను. చేతులు గీరుకుపోయాయి, పురుగు లేదు. నిన్న కలుపు తీస్తుంటే చీర కుచ్చెళ్లకి ఎండుటాకు అంటుకుంది. దులిపాను, పోలేదు. గోటితో తీయబోతే ఆ ఆకు మెడ తిప్పి నా మొహంలోకి చూసింది. నేను పెట్టిన కేకకి పామనుకుని లాల్‌బీ పరిగెత్తుకొచ్చింది. పక్క చేను కౌలుకి చేస్తున్న గౌస్ బాషా లేడూ, అతని భార్య. ఇద్దరం వంగి చూశాం. "ఆకుకి కళ్లేందక్కా," అని ఆమె నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

దాన్ని మెల్లగా పత్తి మొక్క మీదికి ఎక్కించాను. కళ్లు మూసి తెరిచేసరికి కనపడలేదు. అక్కడే ఉందని తెలుసు, నేనే పెట్టాను. అయినా కనపడలేదు. ఇలాంటిదాన్ని లెక్కపెట్టమన్నావు నన్ను. చత్వారం కళ్లదాన్ని.

అత్త, సుబ్బరావమ్మ.


బాపట్ల,
30-8-1998.

అత్తా,

నీ ఉత్తరం రామకాంత్ గారికి చదివి వినిపించాను. ఆకు మొహంలోకి చూసిందన్న చోట ఆయన నవ్వారు. ఆయన నవ్వగా ఈ రెండేళ్లలో చూడలేదు.

లెక్కపెట్టడానికి ఒక ఉపాయం ఉంది. మొక్క దగ్గర కూర్చుని మెల్లగా ఊదు. ఎండుటాకులన్నీ ఊగుతాయి. అది కూడా ఊగుతుంది, ఆకులాగా కనపడాలని. నువ్వు ఊదడం ఆపితే ఆకులు ఆగిపోతాయి. అది మాత్రం ఇంకో రెండు మూడు సార్లు ఎక్కువ ఊగుతుంది. అక్కడ దొరికిపోతుంది. అంత ఒద్దికగా దాక్కునేది, కాస్త ఎక్కువ నటించి దొరుకుతుంది. నాకు ఆ పురుగంటే ఇష్టం ఏర్పడింది అక్కడే.

అది అలా కదలకుండా కూర్చునేది పిట్టకి కనపడకుండా ఉండటానికే కాదు, ఈగకీ రెక్కల పురుగుకీ కనపడకుండా ఉండటానికి కూడా. ఆకే కదా అని వచ్చి వాలినదాన్ని ముందు కాళ్లతో ఒడిసి పట్టేస్తుంది. దయచేసి సోమవారం, శుక్రవారం తప్పకు.

జ్యోతి.


నాగులపాలెం,
24-9-98.

చిరంజీవి జ్యోతికి,

సోమవారం పదకొండు. శుక్రవారం పద్నాలుగు. మొన్న సోమవారం పదమూడు. నీ ఉపాయం పనిచేసింది. నేను ఒక్కో మొక్క దగ్గర గొంతుక్కూర్చుని ఉఫ్ ఉఫ్ అని ఊదుతుంటే కూలివాళ్లు నవ్వి చస్తున్నారు. సుబ్బరావమ్మక్క చేనుకి మంత్రం వేస్తోందని ఊళ్లో చెప్పుకుంటున్నారట. అనుకోనీ. నాకైతే పొద్దున లేస్తూనే చేనుకి పోవాలనిపిస్తోంది. మీ మామయ్య పోయాక అలా అనిపించడం ఇదే మొదలు.

ఒకటి ఈగని పట్టుకుని తింటుంటే దగ్గర కూర్చుని చూశాను. అన్నం తింటూ మూతి తుడుచుకునే మనిషిలాగా, మధ్యమధ్యలో ముందుకాలు నాక్కుంటుంది.

కానీ జ్యోతీ, పురుగు మొదలైంది. ఇరవై మొక్కల మీద తొమ్మిది. మొగ్గకి చిల్లులు పడుతున్నాయి. చుట్టుపక్కల అందరూ పంపులు దింపారు. గౌస్ బాషా వచ్చి, "అక్కా, మందు కొట్టేవాళ్లు లేరా, నేను కొట్టనా?" అని అడిగాడు. పురుగుల చదువని చెబితే నవ్వుతాడని, "ఈ ఏడు ఓపిక లేదులేరా," అన్నాను. నా వంక జాలిగా చూసి వెళ్లాడు.

ఒక్కటి అడుగుతాను, సూటిగా చెప్పు. మీ కాలేజీ పొలంలో కూడా మందు కొట్టకుండా ఒక మడి పెట్టారని చెప్పావు కదా. అది ఎలా ఉంది?

అత్త.


బాపట్ల,
3-10-1998.

అత్తా,

లెక్క అందింది. చాలా బాగుంది. అంకెల పక్కన ఏ సాలులో దొరికిందో కూడా రాస్తే మంచిది.

కాలేజీ పొలం సంగతి వేరు. ఆ నేల వేరు, విత్తనం వేరు, చుట్టూ ఉన్న పంటలు వేరు. దాంతో నీ చేనుని పోల్చకూడదు. భయపడకు. ఇంకో నెల ఓపిక పట్టు. ఇక్కడ పరీక్షల పని ఎక్కువగా ఉంది, తర్వాత వివరంగా రాస్తాను.

జ్యోతి.


నాగులపాలెం,
26-10-98.

చిరంజీవి జ్యోతికి,

గొల్లభామలు: 12, 13, 12, 14, 13.
పురుగులు: 7, 4, 2, 2, 1.

చేను బాగానే ఉంది. కాయ నిలబడింది. వానలు పడ్డాయి. ఇక్కడ అందరం క్షేమం.

అత్త.


బాపట్ల,
12-12-1998.

అత్తా,

ఈ ఉత్తరం నిలబడి చదవకు, మంచం మీద కూర్చో.

నీ లెక్కలన్నీ వరసగా గీతలు గీసి రామకాంత్ గారికి చూపించాను. గొల్లభామల గీత నిలకడగా ఉంది, పురుగుల గీత కిందికి దిగిపోయింది. ఆయన ఆ కాగితాన్ని కిటికీ దగ్గరికి తీసుకెళ్లి చూసి, "మందు ఒక్క చుక్క పడలేదుగా?" అని అడిగారు. మా అత్త మాటంటే మాటే అన్నాను. "అయితే నువ్వు ఒడ్డున పడ్డట్టే," అన్నారు. అత్తా, నేను బయటికొచ్చి మెట్ల మీద కూర్చుని ఏడ్చాను.

ఇంకా ఉంది. జనవరి ఏడున నలభై మంది రైతుల్ని బస్సులో నీ చేను చూపించడానికి తీసుకొస్తున్నారు. ఇంకొల్లు, పర్చూరు, చినగంజాం వైపు వాళ్లు. చేలో గొల్లభామలు కనపడితే మందు జోలికి పోవద్దని వచ్చే ఏడు వాళ్లందరికీ చెబుతారట. నేను ఆ రోజుల్లో సెమినారుకి హైదరాబాదులో ఉంటాను, పదిహేనున వస్తాను. నువ్వు మంచి చీర కట్టుకో. ఏం చేశావని అడిగితే ఏం చెయ్యలేదని చెప్పు. అదే కదా మన గొప్ప.

ప్రేమతో,
జ్యోతి.


నాగులపాలెం,
3-1-99.

జ్యోతీ,

ఈ ఉత్తరం మూడుసార్లు మొదలుపెట్టి చించేశాను. ఇది నాలుగోది. ఇది బాపట్ల చేరినా నువ్వు అక్కడ ఉండవని తెలుసు. అయినా రాస్తున్నాను.

నీ చేనుకి మందు పడింది.

అక్టోబరు మొదటివారంలో ఒక పొద్దున చేలోకి దిగితే ఆకుల మీద కంపు. పక్క చేను మీది గాలనుకున్నాను. మళ్లీ సోమవారం అదే కంపు. నాకు కనపడిన గొల్లభామలు తొమ్మిది. శుక్రవారం నాలుగు. అనుమానం వచ్చి సాయంత్రం పొద్దు వాలకముందే వెళ్లి డొంకలో నిలబడ్డాను. గౌస్ బాషా తైవాన్ పంపు వీపున వేసుకుని మన సాళ్లల్లో నడుస్తున్నాడు.

ఇక్కడి పద్ధతి నీకు తెలుసు. కలిపిన మందు ఆ పూటే కొట్టాలి. డ్రమ్ములో మిగిలింది ఎవరూ పారబొయ్యరు. పండక్కి చేసిన అరిసెలు పక్కింటికి ఇచ్చినట్టు, పక్క చేనుకి ఒక పంపో రెండు పంపులో కొట్టి ఇంటికి పోతారు. "ఓపిక లేదన్నావు కదక్కా. మగదిక్కు లేనిదానివి, నోరు తెరిచి అడగలేకపోతున్నావనుకున్నా. కొట్టినప్పుడల్లా రెండు పంపుల మందు ఎక్కువే కలుపుతున్నా," అన్నాడు. నేను ఆడిన చిన్న అబద్ధానికి అతను అంత పెద్ద మంచితనం చేశాడు.

అప్పుడే ఆపమని ఉంటే తప్పు నాది అయ్యేది కాదు. ఆపమందామనే నోరు తెరిచాను. తలెత్తి చేను వంక చూశాను. వారం కిందట చిల్లులు పడిన మొగ్గల స్థానంలో కొత్త మొగ్గలు. పురుగు లేదు. నా రెండెకరాలు నిలబడ్డాయి. "నీ రుణం తీర్చుకోలేనురా," అన్నాను. ఆపమనలేదు. నవంబరు నెలాఖరు దాకా కొట్టాడు.

ఆ తర్వాతి సోమవారం గొల్లభామ ఒక్కటి కనపడింది. శుక్రవారం సున్నా. ఆ తర్వాత అన్నీ సున్నాలే. నీకు పంపిన పన్నెండూ పదమూడూ నేను వంటింట్లో పీట మీద కూర్చుని రాసినవి. పురుగుల లెక్క మాత్రం నిజం. పురుగు నిజంగానే తగ్గింది. మందుకి తగ్గింది.

రాసేటప్పుడు నాకు నేను ఏం చెప్పుకున్నానో తెలుసా? పిల్లకి డిగ్రీ వస్తుంది, నాకు పంట వస్తుంది, చచ్చింది పురుగులే కదా అని. కిందటివారం పత్తి తీస్తుంటే లాల్‌బీ పింజలో ఇరుక్కున్న ఎండుటాకు తీసి పారెయ్యబోయి ఆగింది. నా చేతిలో పెట్టింది. అది ఆకు కాదు. చచ్చి ఎన్నాళ్లయిందో, అప్పటికీ ఆకులాగే ఉంది. తరవాత చూసుకుంటే మొక్కల మొదళ్లలో, ఆకు నుసిలో చాలా ఉన్నాయి. అన్నాళ్లూ వాటి మీద నడుస్తూనే ఉన్నాను. బతికుంటే కనపడవు, చచ్చినా కనపడవు. వాటి కోసం ఏడ్చానంటే నువ్వు నమ్మవు.

నీ డిగ్రీ ఏమవుతుందో నాకు తెలుసు. ఇది తెలిస్తే నువ్వు నా గడప తొక్కవేమో కూడా. కానీ ఆ నలభై మందికీ నాలాగే రెండేసి ఎకరాలు ఉంటాయే. నేను వంటింట్లో రాసిన అంకెలు నమ్మి వాళ్లు చేలు వదిలేస్తే ఎలా?

7-1-99, సాయంత్రం.

ఇది ఇంకా పోస్టు చెయ్యలేదు. బస్సు వచ్చి వెళ్లింది.

మీ రామకాంత్ గారు గట్టు మీద నిలబడి నా గురించి గొప్పగా చెప్పి, నన్ను మాట్లాడమన్నారు. "ఈ చేనుకి మందు పడింది," అన్నాను. "వారంలో నాలుగు రోజులు పడింది. నేనే పడనిచ్చాను. పురుగు చచ్చింది మందుకి, గొల్లభామలు చచ్చింది మందుకి. లెక్క రాసింది నేను. మా అమ్మాయికి తెలియదు," అన్నాను. ఇంకొల్లు ఆయన ఒకడు, "అయితే మందు కొట్టమంటావా అమ్మా?" అన్నాడు. "అదీ చెప్పడం లేదయ్యా. నాకు తెలియదని చెబుతున్నా," అన్నాను.

గౌస్ బాషా పేరు నేను ఎత్తలేదు. రంజాన్ ఉపవాసం మొహంతో వెనక నిలబడినవాడు తనే ముందుకొచ్చి, "కొట్టింది నేను సార్. ఇది పరీక్ష చేనని నాకు ఎవరూ చెప్పలేదు," అన్నాడు. ఆ మాట నాకు తగలాల్సిన చోట తగిలింది. తల దించుకుని వెళ్లిపోయాడు. మీ గైడు కళ్లజోడు తీసి తుడుచుకుని, మంచినీళ్లు అడిగి తాగి, "సరేనమ్మా," అని బస్సెక్కారు.

ఇది రేపు పోస్టు చేస్తాను.

అత్త.


బాపట్ల,
18-1-1999.

ఉత్తరం అందింది. రామకాంత్ గారు కూడా చెప్పారు. ఇప్పుడు ఏం రాయాలో తెలియడం లేదు.

జ్యోతి.


బాపట్ల,
21-2-1999.

అత్తా,

నెల రోజులు నీ మీద కోపంగా ఉండటానికి చాలా కష్టపడ్డాను. పొద్దున లేచి నీ ఉత్తరం తీసి, కోపం వచ్చే చోటు వెతుక్కుని చదివేదాన్ని. ప్రతిసారీ ఆ చోటు దాటి, నువ్వు సూటిగా చెప్పమని అడిగిన ప్రశ్న దగ్గరికే వెళ్లిపోయేది మనసు. అందుకే ఈ ఉత్తరం.

సెప్టెంబరులో అడిగావు, కాలేజీ పొలంలో మందు కొట్టని మడి ఎలా ఉందని. అది అప్పటికే పోయింది. నువ్వు అడిగిన వారానికి అందులో మొగ్గ లేదు, పూత లేదు, మోళ్లు మిగిలాయి. గొల్లభామలు ఉన్నాయి. పురుగు వాటి చేత కానంత వచ్చింది. నేను రోజూ ఆ మడి గట్టు మీదనుంచే నడిచి వెళ్లేదాన్ని. నీ ఉత్తరం చేతిలో పెట్టుకుని అక్కడ నిలబడ్డాను. నిజం రాస్తే నువ్వు మందు కొడతావు. కొడితే నా డిగ్రీ పోతుంది. నేల వేరు, విత్తనం వేరు అని రాశాను. ఆ రెండూ అబద్ధమే. రెండు చోట్లా విత్తనం ఒకటే, నేలా నల్లరేగడే.

నీకున్నది ఆ రెండెకరాలేనని మొదటి ఉత్తరంలోనే రాశావు. గౌస్ బాషా దయతలచి ఉండకపోతే, నీ ఏడాది తిండి నేను తినేసి ఉండేదాన్ని. నీ అబద్ధం నాకు సీజను పోగొట్టింది. నాది నీకు ఏం చేసి ఉండేదో తలుచుకుంటే నిద్ర పట్టడం లేదు.

రామకాంత్ గారి దగ్గరికి వెళ్లి, మానేస్తానని చెప్పాను. ఆయన వినలేదు. "చేనుకి మందు పడటం పెద్ద విషయం కాదమ్మా, అది రాసుకుంటే సరిపోయేది. మన మడి పోయిందని మీ అత్తగారికి చెప్పావా?" అని అడిగారు. లేదన్నాను. నా గీతల కాగితం తీసి నా ముందు పెట్టారు. ఆ తర్వాత, "ఇంకో సీజను కావాలంటే నన్నడగకు. ఆమెనడుగు. ఆమె ఇస్తే నేనిస్తాను," అన్నారు.

నేను అడగడం లేదత్తా. ఆ మొహం నాకు లేదు. జరిగింది నీకు చెప్పాలని మాత్రం రాశాను. ఒంగోలులో ఒక విత్తనాల కంపెనీలో ఖాళీ ఉందట. దరఖాస్తు పెడుతున్నాను.

జ్యోతి.


నాగులపాలెం,
4-3-99.

జ్యోతీ,

కోపం వచ్చింది. రెండు రోజులు నీతో మాట్లాడకూడదనుకున్నాను. నువ్వెలాగూ ఇక్కడ లేవు, ఆ కోపమంతా గేదె పడింది.

నేను మందు పడనిచ్చానని నెలల తరబడి కుమిలిపోయాను చూడు, దానికి వచ్చింది అసలు కోపం. పిల్లని మోసం చేశానని అన్నం సయించక నేను చిక్కిపోతుంటే, ఆ పిల్ల మోళ్ల పక్కన నిలబడి భయపడకు అత్తా అని రాస్తోంది. మీ నాన్న కూడా అంతే. చిన్నప్పుడు బావిలో చేద తనే పడేసి, ఆ మాట చెప్పకుండా నా పక్కనే నిలబడి రెండు గంటలు వెతికాడు. మనది ఆ వంశం. నన్ను కలుపుకునే అంటున్నాను.

రంజాన్‌కి లాల్‌బీ సేమ్యా పంపింది. నేను గిన్నె తిరిగివ్వడానికి వెళ్లి గౌస్ బాషా ముందు కూర్చుని మొత్తం చెప్పాను. నీ పురుగు సంగతి, నీ డిగ్రీ సంగతి, నేను నవ్వుతాడని దాచిన సంగతి. నవ్వలేదు. "ఒక్క మాట చెప్పి ఉంటే ఆ వైపు గాలి కూడా పోనిచ్చేవాణ్ని కాదు కదక్కా," అన్నాడు. వచ్చే సీజనులో నువ్వొస్తే తన చేను ఆ పక్క నాలుగు సాళ్లు కూడా వదిలేస్తానన్నాడు. నేను అడగకుండానే అన్నాడు.

నిన్న డొంక వెంట నడిచాను. రేగు కంపలన్నీ ఊదుకుంటూ వెళ్లాను. కంపల్లో ఒకటి ఆగకుండా ఊగింది. ఒక్కటే. అది నిజం లెక్క, రాసుకో.

ఇక నీ సంగతి. ఒంగోలు దరఖాస్తు పక్కన పెట్టు. డొంక వైపు ఎకరం ఉంది. రెండో ఎకరానికి నేను మందు కొట్టుకుంటాను, ఆ పంట నాకు చాలు. ఆ ఎకరం పోయినా నేను బతుకుతాను, లెక్క చూసుకున్నాను.

కానీ అడగడం లేదని రాశావు. ఆ మాట మాత్రం కుదరదు. కిందటేడు చేనుకేం కాదని చెప్పి తీసుకున్నావు, ఏమవుతుందో తెలియకుండా ఇచ్చాను. ఈసారి పంట పోవచ్చని రాయి. ఎంత పోవచ్చో రాయి. నీకెందుకు కావాలో రాయి. అన్నీ రాసి, కింద ఇవ్వత్తా అని అడుగు. తెలిసి ఇవ్వాలని ఉంది నాకు.

నీ అత్త,
సుబ్బరావమ్మ.